వస్తువే పాత్ర: మాధవపెద్ది గోఖలే కళాదర్శకత్వంలో ఆహార్య కల్పన

వ్యాససంగ్రహం: కథకుడు, చిత్రకారుడు మాధవపెద్ది గోఖలే విజయా సంస్థ చిత్రాలకు కళాధర్‌తో కలిసి కళాదర్శకత్వం వహించారు. తెలుగు విమర్శ ఆయన కథలను ఒకచోట, సినిమా కృషిని మరొకచోట ఉంచి చూసింది. 'పాతాళభైరవి', 'మిస్సమ్మ', 'మాయాబజార్' చిత్రాల్లోని రంగాలంకరణను, వేషధారణను, వస్తువులను 'ఆహార్యం' అనే భావనతో పరిశీలించి, ఆయన కల్పనలో వస్తువు కథ నడిపే తీరును చర్చించడం ఈ వ్యాసం ఉద్దేశం.

కీలకపదాలు: ఆహార్యం, కళాదర్శకత్వం, వేషకల్పన, మా. గోఖలే, విజయా చిత్రాలు, నలుపు తెలుపు చిత్రాలు.

ఉపోద్ఘాతం

మాధవపెద్ది గోఖలే (1917–1981) తెలుగువారికి ఇద్దరు వ్యక్తులుగా పరిచయం. కథాసాహిత్య చరిత్రలో ఆయన మా. గోఖలే. 'బల్లకట్టు పాపయ్య', 'మూగజీవాలు' వంటి రచనలు చేసిన అభ్యుదయ కథకుడు. గుంటూరు ప్రాంతపు పల్లె పలుకుబడిని కథలోకి తెచ్చినవాడు. సినిమా చరిత్రలో ఆయన పేరు టైటిళ్లలో 'కళ' అనే మాటకు ఎదురుగా, కళాధర్ పేరుతో జతగా, కొన్ని క్షణాలు కనిపించి మాయమవుతుంది. కథలపై రాసినవారు సినిమా కృషిని "తరువాత చలనచిత్ర రంగంలోనూ పనిచేశారు" అనే ధోరణిలో ఒక్క వాక్యంతో దాటవేస్తారు. సినిమాపై రాసినవారికి ఆయన కథలతో పని ఉండదు.

ఈ విభజన వల్ల నష్టపోయింది గోఖలే ఒక్కరే కాదు. తెలుగు సినిమా విమర్శ కథను, సంభాషణను, పాటను, నటనను చర్చించడానికి సాహిత్య విమర్శ నుంచి పరిభాషను తెచ్చుకుంది. తెరమీద కనిపించే గోడను, గద్దెను, కిరీటాన్ని, పంచెకట్టును చర్చించడానికి అలాంటి పరిభాషను సమకూర్చుకోలేదు. అందుకే కళాదర్శకుడి కృషి 'భారీ సెట్టింగులు', 'కనువిందైన దుస్తులు' అనే పొగడ్తల దగ్గరే ఆగిపోతుంది.

నిజానికి ఆ పరిభాష మన సంప్రదాయంలోనే ఉంది. నాట్యశాస్త్రం ఆంగిక, వాచిక, సాత్త్వికాలతో పాటు ఆహార్యాన్ని అభినయ భేదంగా చెప్పింది. ఆహార్యంలో మళ్లీ నాలుగు విభాగాలు: కొండలు, రథాలు, ఇళ్ల వంటి వాటి నిర్మాణం పుస్తం, పూలు, నగలు, వస్త్రాల కూర్పు అలంకారం, ఒంటికి రంగులు పూయడం అంగరచన, రంగస్థలం మీద ప్రాణుల ప్రవేశం సంజీవం. అంటే ఇవాళ కళాదర్శకుడు, దుస్తుల రూపకర్త, మేకప్ కళాకారుడు అని విడదీసి చెప్పుకునే పనులను ఆ శాస్త్రం ఒక్క గొడుగు కిందికి తెచ్చింది. అంతకంటే ముఖ్యమైనది, వాటిని 'అభినయం' అంది. వస్త్రం, వస్తువు నటనకు నేపథ్యం కావు. అవి నటనలో భాగమే. విజయా చిత్రాల టైటిళ్లలోని 'కళ' అనే రెండక్షరాల మాటను ఈ అర్థంలో చదివితే గోఖలే చేసిన పని పరిధి తెలుస్తుంది.

చిత్రకారుడు స్టూడియోలోకి

గోఖలే స్వస్థలం గుంటూరు జిల్లా బ్రాహ్మణకోడూరు. మద్రాసు చిత్రకళా పాఠశాలలో దేవీప్రసాద్ రాయ్ చౌధురి ప్రిన్సిపాల్‌గా ఉన్న కాలంలో ఆయన శిక్షణ పొందారు. రాయ్ చౌధురి చిత్రకారుడిగా ఎంత ప్రసిద్ధులో శిల్పిగా అంతకంటే ప్రసిద్ధులు. మద్రాసు మెరీనా తీరంలోని 'శ్రమ విజయం' శిల్పం ఆయనదే. పనిచేసే మనిషి దేహాన్ని, బరువును మోసేటప్పుడు కండరం పడే బిగువును చూపిన శిల్పమది. అలాంటి గురువు ఉన్న పాఠశాల నుంచి వచ్చిన గోఖలే పత్రికలకు బొమ్మలు వేశారు, 'ప్రజాశక్తి'లో పనిచేశారు, కథలు రాశారు. ఆ తరువాతే విజయా సంస్థతో ఆయన అనుబంధం బలపడింది.

రచయిత, చిత్రకారుడు అయిన వ్యక్తి సినిమాకు కళాదర్శకుడు కావడం తెలుగులో గోఖలేతో మొదలు కాలేదు. అడివి బాపిరాజు ఆ దారిన ముందే నడిచారు. అయితే బాపిరాజు నవలల్లోని చారిత్రక వైభవానికి, తెరమీది వైభవానికి మధ్య పొత్తు సులువుగానే కుదురుతుంది. గోఖలే విషయంలో ఆ పొత్తు కుదరదు. కూలివాళ్ల గురించి, పల్లెకారుల గురించి రాసిన కలం ఒకవైపు, ద్వారకా నగరాన్ని, పాతాళ గుహలను గీసిన కుంచె మరొకవైపు. ఆయనపై రావలసినంత విమర్శ రాకపోవడానికి ఈ ఇబ్బందే కొంత కారణం కావచ్చు. పౌరాణిక, జానపద చిత్రాల్లో పనిచేయడాన్ని అభ్యుదయ విమర్శకులు బతుకుతెరువుగా భావించి మర్యాదగా మౌనం వహించారు. ఆ మౌనం గౌరవంతో కూడినదే అయినా, ఆయన పనిని సగం మాత్రమే చదివింది.

పాతాళభైరవి: తోటవాడి లోకం, మాంత్రికుడి లోకం

1951లో కె.వి. రెడ్డి దర్శకత్వంలో వచ్చిన 'పాతాళభైరవి' పింగళి నాగేంద్రరావు రచన, మార్కస్ బార్ట్‌లీ ఛాయాగ్రహణం. 1952 జనవరిలో బొంబాయిలో ప్రారంభమైన తొలి భారత అంతర్జాతీయ చలనచిత్రోత్సవంలో ఈ చిత్రం ప్రదర్శితమైంది.

అంతకుముందు తెలుగు జానపద, పౌరాణిక చిత్రాల రంగాలంకరణ చాలావరకు నాటకరంగం నుంచి సంక్రమించింది. సురభి వంటి సమాజాల రంగులద్దిన తెరలు, మఖ్మలు అంగరఖాలు, జరీ అంచులు, రవివర్మ చిత్రాల ముద్రణల నుంచి తీసుకున్న దేవతామూర్తుల భంగిమలు ఆ వారసత్వం. నాటకంలో తెర వెనుక ఉంటుంది, నటుడు ముందు ఉంటాడు. ఆ రెంటి మధ్య సంబంధం చూపుకే పరిమితం. 'పాతాళభైరవి'లో అది స్పర్శగా మారింది. నటుడు ఎక్కే మెట్లు, నడిచే గుహ, చేతబట్టే ప్రతిమ బరువున్న వస్తువులుగా తెరమీద నిలిచాయి.

ఈ చిత్రంలో రెండు లోకాలున్నాయి. తోటమాలి కొడుకైన రాముడిది ఒకటి, నేపాళ మాంత్రికుడిది మరొకటి. పైకి చూస్తే మొదటిది వాస్తవం, రెండవది మాయ. ఆహార్యం మాత్రం ఈ తేడాను ఇంకో విధంగా చూపుతుంది. రాముడి దుస్తులు దేహాన్ని దాచవు. పని చేయడానికి, గోడ దూకడానికి, కలబడడానికి అడ్డు రావు. ఎస్.వి. రంగారావు ధరించిన మాంత్రికుడి పొడవైన అంగీ దేహాన్ని పూర్తిగా కమ్మేస్తుంది. ఆ అంగీ లోపల ఏముందో తెలియదు. దేహబలంతో బతికేవాడు, విద్యను దాచుకుని బతికేవాడు అనే ఇద్దరు మనుషుల తేడా గుడ్డ కోతలోనే తెలుస్తుంది. సంభాషణ మొదలయ్యేలోపే ప్రేక్షకుడు ఎవరిని నమ్మాలో నిర్ణయించుకుంటాడు.

కథలో ప్రధాన వస్తువు పాతాళభైరవి ప్రతిమ. అది ఎవరి చేతిలో ఉంటే వారి కోరిక తీరుతుంది. దానికి పక్షపాతం లేదు, నీతి లేదు. సుఖంగా ఉన్న రాముడి మేడ, దానితో పాటు రాజకుమారి కూడా ఒక్కసారిగా ఎగిరిపోవడానికి ప్రతిమ చేతులు మారడం చాలు. సంపద ఎవరి గుణానికీ ప్రతిఫలం కాదు, సాధనం ఎవరి చేతిలో ఉందన్నదే ప్రశ్న అనే ఈ కథాసూత్రం పింగళిది. దాన్ని గుప్పిట్లో పట్టేంత వస్తువుగా చూపడం కళాదర్శకత్వం చేసిన పని. ప్రతిమ మోయలేనంత పెద్దదైతే కథ నడవదు. కంటికి ఆననంత చిన్నదైతే ప్రేక్షకుడు నమ్మడు.

ఇక్కడ ఆయన కథల పేర్లను గుర్తు చేసుకోవడం అసందర్భం కాదు. 'బల్లకట్టు పాపయ్య' అన్న పేరులో మనిషికి ముందు పనిముట్టు ఉంది. ఇంటిపేరు ఉండవలసిన చోట బతుకుతెరువు వచ్చి కూర్చుంది. 'తోట రాముడు' అన్న పేరు పెట్టింది పింగళే అయినా, ఆ పేరుకు తగిన వేషాన్ని కల్పించవలసి వచ్చినప్పుడు అది గోఖలేకు కొత్త పని అయి ఉండదు.

మిస్సమ్మ: బొట్టు ఒక ఆహార్యం

సాంఘిక చిత్రాల్లో కళాదర్శకుడి పని కనిపించదన్నది స్థిరపడిన అభిప్రాయం. ఎల్.వి. ప్రసాద్ దర్శకత్వం వహించిన 'మిస్సమ్మ' (1955) ఆ అభిప్రాయాన్ని సవరించుకోవడానికి పనికివస్తుంది. ఉద్యోగం కోసం భార్యాభర్తలుగా నటించవలసి వచ్చిన ఎం.టి. రావు, మేరీల కథ ఇది. నటన అన్నది ఇక్కడ కథావస్తువే గనుక వేషం కూడా కథావస్తువే అయింది. మేరీకి బొట్టు పెట్టడం, ఆమె దాన్ని భరించలేకపోవడం, చుట్టూ ఉన్నవారు అదేమీ ఎరగక ముచ్చట పడడం అనే సన్నివేశాల బలమంతా నుదుటిమీది చిన్న చుక్కలో ఉంది. క్రైస్తవ యువతి, హిందూ గృహిణి అనే రెండు గుర్తింపుల మధ్య సావిత్రి ముఖం నలుగుతుంటే, వేషధారణ ఆ నలుగుబాటును పెద్దది చేయకుండా, తగ్గించకుండా నిలబెట్టింది. చీరకట్టులో, జడలో పెద్ద మార్పులేవీ ఉండవు. మతాన్ని దుస్తులతో అరిచి చెప్పించే అవకాశాన్ని చిత్రం వదులుకుంది. ఆ నిగ్రహమే దాని సున్నితత్వానికి మూలం.

వారిద్దరూ కాపురం పెట్టిన ఇల్లు కూడా ఇలాంటిదే. ఒకే కప్పు కింద ఇద్దరు పరాయివాళ్లు ఉండాలి, ఊరికి మాత్రం అది కాపురంలా కనిపించాలి. లోపలి గదికి, బయటి వసారాకు మధ్య గడపే చిత్రంలోని అసలు సరిహద్దు.

అయితే ఇక్కడే ఒక పరిమితిని కూడా చెప్పుకోవాలి. 'మిస్సమ్మ' తమిళంలో 'మిస్సియమ్మ'గా తయారైంది. 'పాతాళభైరవి', 'మాయాబజార్' కూడా రెండు భాషల చిత్రాలే. ఒకే సెట్టు రెండు భాషల ప్రేక్షకులకూ సొంత ఇల్లుగా కనిపించాలి. ఈ వ్యాపార అవసరం వల్ల విజయా చిత్రాల్లోని ఊరు ఏ ఊరూ కాని ఊరుగా తయారైంది. అప్పాపురం తెనాలి పక్కనా ఉండవచ్చు, తంజావూరు పక్కనా ఉండవచ్చు. కథల్లో మాండలికంతో, నేల వాసనతో రాసిన గోఖలేకు స్టూడియో ఇవ్వలేకపోయింది సరిగ్గా ఆ స్థానికతే. ఆయన సినిమా కృషిని కథల కొనసాగింపుగా చదవాలనుకునేవారు ఈ లోటును దాచకూడదు. నేల పోయింది; ఆ నేలమీద వస్తువు ఎలా పనిచేస్తుందో చూసిన చూపు మిగిలింది.

మాయాబజార్: నవ్వించే వస్తువులు

1957లో వచ్చిన 'మాయాబజార్' గురించి రాయని తెలుగు సినీ రచయిత లేడు. ఆ రాతల్లో కళాదర్శకత్వం ప్రస్తావన వచ్చినప్పుడల్లా కనిపించేది సూక్ష్మ ద్వారక. సుమారు 50 అడుగుల పొడవు, 60 అడుగుల వెడల్పు స్థలంలో 300 దాకా చిన్న ఇళ్లను నిర్మించి, దీపాలు వెలిగించి చిత్రీకరించిన నగరం అది. నాట్యశాస్త్ర పరిభాషలో ఇది పుస్తం. అంకెలు ఆకర్షణీయమైనవే గానీ, ఈ చిత్రంలోని ఆహార్య విశిష్టత అంకెల్లో లేదు.

'మాయాబజార్' వస్తువుల సినిమా. ప్రియదర్శిని పేటిక మూత తెరిస్తే చూసేవారికి ఏది ప్రియమో అదే కనిపిస్తుంది. బలరాముడికి దుర్యోధనుడు, రేవతికి నగలు, శశిరేఖకు అభిమన్యుడు, కృష్ణుడికి శకుని కనిపిస్తారు. నాలుగు పాత్రల మనోగతాన్ని స్వగతం లేకుండా, సంభాషణ పెంచకుండా ఒక పెట్టె బయటపెట్టింది. సత్యపీఠం మీద నిలబడిన శకుని తన కుట్రను తానే చెప్పుకుంటాడు. మాయాబజారు విడిదిలో తల్పం గిల్పమై, కంబళి గింబళియై శర్మను, శాస్త్రిని ముప్పుతిప్పలు పెడతాయి. వియ్యాలవారి డాబును చితకగొట్టే పని మనుషులు చేయలేదు, పరుపులు చేశాయి.

భరతుడు పుస్తాన్ని మళ్లీ మూడు విధాలుగా చెప్పాడు. చాప, వస్త్రం, తోలు వంటి వాటిని కూర్చి చేసేది సంధిమం. యంత్రంతో కదిలేది వ్యాజిమం. గుడ్డ చుట్టి చేసేది వేష్టిమం. గింబళి వ్యాజిమానికి లక్ష్యంగా చూపదగినది. అయితే ఆ కంబళి కదలడం కంటే ముందు అది కంబళిలా ఉండడం ముఖ్యం. పెళ్లివారి విడిదిలో ఉండవలసిన మర్యాదగల వస్తువుగా అది మొదట కంటికి ఆనాలి. అనుమానం పుట్టించే నిగనిగలుంటే హాస్యం చచ్చిపోతుంది. గోఖలే, కళాధర్‌ల కల్పనలో మాయ వస్తువుల ప్రత్యేకత ఇదే: మాయ మొదలయ్యేదాకా అవి మామూలు గృహోపకరణాలు. సురభి వంటి సమాజాల మాయాబజార్‌లో ప్రేక్షకుడు యంత్రాన్ని చూడడానికే వస్తాడు. అది ఆ ప్రదర్శనకు ఉన్న అందం. సినిమాలో యంత్రం కనిపించకూడదు, వస్తువు మిగలాలి.

వేషధారణలోనూ ఇదే సూత్రం పనిచేసింది. 1956లో 'సొంతవూరు' చిత్రంలో ఎన్.టి. రామారావు కృష్ణుడిగా కాసేపు కనిపించినప్పుడు ప్రేక్షకులు మెచ్చలేదన్నది తెలిసినదే. మరుసటి సంవత్సరమే అదే నటుడు అదే పాత్రలో తెలుగువారి పూజగదుల్లోకి వెళ్లాడు. దీన్ని నటుడి ఘనతగానో, దర్శకుడి పట్టుదలగానో చెప్పడం పరిపాటి. కిరీటం ఎత్తు, నుదుటి తిలకం, మెడలోని హారాల బరువు, అంగరచన, వీటన్నిటినీ నటుడి ముఖానికి తగినట్టు కూర్చిన పనివారి ఘనత కూడా అందులో ఉంది. ఈ కృష్ణుడి అలంకరణ కళ్లను, చిరునవ్వును మింగివేయదు. కథలో ఆయన చేసేదంతా ఓరచూపుతో, చిరునవ్వుతోనే గనుక ఆ తూకం అవసరమైంది.

ఘటోత్కచుడిది దీనికి భిన్నమైన సమస్య. రాక్షసుడు భయపెట్టాలి, కానీ ఈ రాక్షసుడు తల్లిమాట జవదాటని కొడుకు, పినతల్లిని నమస్కారంతో ఎదుర్కొనే బిడ్డ. గద, గుబురు మీసం, బరువైన నగలు రాక్షసత్వాన్ని చెబుతూనే రంగారావు ముఖంలోని పసితనాన్ని విడిచిపెట్టాయి. మాయాశశిరేఖగా సావిత్రి కనిపించే సన్నివేశాల్లో నిర్ణయం మరింత సాహసోపేతమైనది. శశిరేఖ వేషానికి రాక్షస చిహ్నమేదీ తగిలించలేదు. పెళ్లికూతురి ముస్తాబు యథాతథంగా ఉంది. నడక, చేతి విసురు, మెడ తిప్పడం మారాయి. ఆహార్యం అభినయంలో భాగం అన్న మాటకు, కొన్నిచోట్ల అది వెనక్కి తగ్గి ఆంగికానికి చోటివ్వడం కూడా ఒక అర్థమే.

నలుపు తెలుపుల లెక్క

గోఖలే వేషకల్పనను పరిశోధించేవారికి ఒక పద్ధతి సమస్య ఉంది. 'మాయాబజార్' 2010లో రంగులద్దుకుని మళ్లీ విడుదలైంది. ఇవాళ తరగతి గదుల్లో, వ్యాసాలకు జోడించే చిత్రాల్లో ఎక్కువగా కనిపిస్తున్నది ఆ ప్రతే. శశిరేఖ చీర రంగు, కృష్ణుడి ఉత్తరీయం రంగు ఆధారంగా వర్ణ ప్రతీకలను చర్చించే ధోరణి బయలుదేరడానికి అవకాశం ఉంది. ఆ రంగులు 2010 నాటి సాంకేతిక నిపుణుల ఎంపికలు. 1957 నాటి కళాదర్శకుడి ఆలోచనకు అవి సాక్ష్యం కావు.

నలుపు తెలుపు చిత్రానికి పనిచేసే కళాదర్శకుడు రంగును రంగుగా చూడడు. ఫిల్ముమీద అది ఎంత తెలుపుగా, ఎంత బూడిదగా పడుతుందో చూస్తాడు. కంటికి పూర్తిగా వేరుగా కనిపించే ఎరుపు, ఆకుపచ్చ ఫిల్ముమీద ఒకే బూడిదలో కలిసిపోవచ్చు. అప్పుడు నటుడు గోడలో కలిసిపోతాడు. అందుకే అలాంటి చిత్రాల్లో వస్త్రాన్ని ఎంచేది నేతను బట్టి, మెరుపును బట్టి, మడత పడే తీరును బట్టి. వెన్నెల రాత్రి పడవ మీద పాట సాగే సన్నివేశంలో వెన్నెల బార్ట్‌లీది. ఆ వెన్నెలను పట్టుకున్నవి మాత్రం పలుచటి వస్త్రాలు, నగల మెరుగులు, పడవ అంచులు. వాటిని ఎంచిన చూపు, గీతతో కథకు బొమ్మ వేసే చిత్రకారుడి చూపు. పత్రికలో నల్లసిరాతో బొమ్మ వేసేవాడికి రంగు అందుబాటులో ఉండదు; గీత మందం, ఖాళీ జాగా, నీడ మాత్రమే ఉంటాయి. ఆ అలవాటు స్టూడియోలో పనికివచ్చింది. రంగులద్దిన ప్రతిలో పూర్వం నీడలో తగ్గి ఉన్న గోడలు, స్తంభాలు ముఖాలతో పోటీపడి ముందుకు వస్తాయి. కొత్త తరానికి చిత్రాన్ని చేరువ చేసినందుకు ఆ ప్రయత్నాన్ని తప్పుపట్టనక్కరలేదు. పరిశోధకుడు మాత్రం నలుపు తెలుపు ప్రతినే మూలపాఠంగా స్వీకరించాలి. తాళపత్ర ప్రతికి, తరువాతి పరిష్కర్త సవరించిన ముద్రిత ప్రతికి మధ్య పాటించే వివేకమే ఇక్కడా అవసరం.

కర్తృత్వం: గోఖలేదేనా?

పై చర్చలో గోఖలే పేరు చెప్పిన ప్రతిచోటా కళాధర్ పేరు కూడా చదువుకోవాలి. టైటిళ్లలో ఇద్దరి పేర్లూ కలిసే ఉన్నాయి. 'జగదేకవీరుని కథ' (1961), 'గుండమ్మ కథ' (1962) దాకా ఆ జంట కొనసాగింది. గోఖలేకు కథకుడిగా ఉన్న పేరు వల్ల విమర్శకుడి దృష్టి ఆయనవైపు మొగ్గడం సహజం. ఆ మొగ్గు కళాధర్‌కు అన్యాయం చేస్తుంది. దర్శకుడి నీడలో కళాదర్శకుడు మరుగున పడ్డాడని ఫిర్యాదు చేస్తూ, ఒక కళాదర్శకుడి నీడలో మరొకరిని మరుగుపరచడం ఏ విధంగా సమర్థనీయం?

అంతటితోనూ కర్తృత్వం తేలదు. ప్రియదర్శిని పింగళి ఊహ, కె.వి. రెడ్డి సన్నివేశం, కళాదర్శకుల ఆకృతి, వడ్రంగి చేతిపని, బార్ట్‌లీ వెలుగు. స్కెచ్చు కాగితం మీద ఉన్నంతవరకే అది చిత్రకారుడి సొంతం. వడ్రంగి, మౌల్డరు, పెయింటరు, దర్జీ, నగల పనివాడు దాన్ని ముట్టుకున్న తరువాత అది అందరిదీ. వాహినీ స్టూడియో ఫ్లోర్లలో ఆ పనిచేసినవారిలో ఎక్కువమంది పేర్లు ఏ టైటిల్‌లోనూ లేవు. బల్లకట్టు నడిపేవాడి పేరును కథకు శీర్షికగా పెట్టిన రచయిత పనిచేసిన చోటే ఈ అనామకత్వం ఉండడం గమనించదగినది. సాహిత్య విమర్శ అలవాటు చేసిన ఏకకర్తృత్వ భావన ఇక్కడ చాలదు. దేవాలయ శిల్పాన్ని చదివేటప్పుడు స్థపతిని, శిల్పి బృందాన్ని, పోషకుడైన రాజును వేర్వేరుగా లెక్కలోకి తీసుకునే పద్ధతి సినిమా ఆహార్యానికి దగ్గరగా ఉంటుంది.

'గుండమ్మ కథ'లో అంజిగాడి వేషంలో ఉన్న రామారావు నిక్కరు తొడుక్కుని, సావిత్రితో కలిసి రుబ్బురోలు ముందు కూర్చునే పాట ఉంది. అయిదేళ్ల కిందట కృష్ణుడి కిరీటం ధరించిన నటుడే ఇతను. ఆ నిక్కరు, ఆ రోలు, పిండి అంటిన చేతులు చూస్తున్నప్పుడు అగ్రనటుడు గుర్తుకు రాడు; పనివాడు కనిపిస్తాడు. తెలుగు సాంఘిక చిత్రాల ఆహార్యంపై పరిశోధన మొదలుపెట్టేవారు ఆ రుబ్బురోలు దగ్గర మొదలుపెట్టవచ్చు.